బిడ్డ ఎవరి దగ్గర పెరగాలి? బంధువుల మధ్య కస్టడీ తగాదాను కోర్టు తేల్చే తీరు, మీరు సిద్ధపడవలసిన తీరు

పురానీ హవేలీలోని ఫ్యామిలీ కోర్టు దగ్గర ఏ వాయిదా రోజున నిలబడినా బిడ్డల విషయంలో రెండు మాటలు తరచుగా చెవిన పడతాయి. అమ్మమ్మ వైపు వారు “పురిటి నుంచి సాకింది మేము” అంటారు. నాయనమ్మ వైపు వారు “వంశం మాది, ఇంటిపేరు మాది” అంటారు. రెండూ నిజమే కావచ్చు, కాని న్యాయమూర్తి తేల్చవలసిన ప్రశ్న ఈ రెండింటిలోనూ లేదు. బిడ్డ మీద ఎవరికి ఎక్కువ హక్కుందో కోర్టు తూచదు. రేపటి నుంచి ఆ బిడ్డ రోజు ఎక్కడ కుదురుగా గడుస్తుందో చూస్తుంది. ఈ తేడా తెలియక హక్కుల చిట్టా రాసుకుని వచ్చినవారు, ఎంత ప్రేమగల బంధువులైనా, బలహీనమైన కేసుతో నిలబడతారు.

వివరణ కోసం ఒక ఊహా ఉదాహరణ తీసుకుందాం. ఆరేళ్ల పాప, తల్లి చనిపోయింది, తండ్రి దుబాయ్‌లో ఉద్యోగం చేస్తున్నాడు. పాప రెండేళ్లుగా మలక్‌పేటలో అమ్మమ్మ, మేనమామల దగ్గర ఉండి ఒకటో తరగతి చదువుతోంది. హనుమకొండలోని నాయనమ్మ, చిన్నాన్న ఇప్పుడు పాపను తమ దగ్గరికి పంపమంటున్నారు.

మొదట: మీ తగాదా ఏ రకానిది

పైకి అన్నీ ఒకేలా కనిపించినా చట్టం దృష్టిలో మూడు వేర్వేరు పరిస్థితులున్నాయి. తల్లిదండ్రులిద్దరూ చనిపోయి, ఇరువైపుల బంధువులు బిడ్డను కోరడం మొదటిది. ఇందులో పుట్టుకతో వచ్చిన ఆధిక్యం ఏ వైపుకూ లేదు. తల్లి లేదా తండ్రి బతికి ఉండి, బిడ్డ మాత్రం బంధువుల దగ్గర ఉండడం రెండోది. ఇది కష్టమైనది, ఎందుకంటే 1890 నాటి గార్డియన్స్ అండ్ వార్డ్స్ చట్టంలోని 19వ సెక్షన్ ప్రకారం, బతికి ఉన్న తండ్రి లేదా తల్లి అనర్హులని కోర్టు భావిస్తే తప్ప మరొకరిని బిడ్డ వ్యక్తిగత సంరక్షకులుగా నియమించడానికి వీల్లేదు. తల్లిదండ్రులిద్దరూ ఉండి, విదేశీ ఉద్యోగం వల్లనో, వారిద్దరి గొడవల వల్లనో బిడ్డ ఏళ్లతరబడి తాత ఇంట్లో పెరగడం మూడోది.

మన ఉదాహరణలో అమ్మమ్మ, నాయనమ్మ తగువులాడుకుంటున్నట్టు కనిపిస్తున్నా నిజానికి ఇది రెండో రకం. దుబాయ్‌లో ఉన్న తండ్రి సహజ సంరక్షకుడు, అంటే కోర్టు నియమించకుండానే చట్టం గుర్తించే సంరక్షకుడు. ఆయన ఏమంటాడన్నది తెలియకుండా ఎవరి కేసూ ముందుకు సాగదు. నాయనమ్మ వైపు వారు తండ్రి తరఫున అడుగుతున్నారా, తమకోసం అడుగుతున్నారా అన్నది మొదటి వాయిదాలోనే బయటపడుతుంది.

ఇక్కడే మరో తేడా గుర్తుంచుకోవాలి. గార్డియన్‌షిప్ (బిడ్డ తరఫున నిర్ణయాలు తీసుకునే చట్టపరమైన సంరక్షణ) వేరు, కస్టడీ (బిడ్డ ఎవరి దగ్గర ఉండాలన్నది) వేరు. తండ్రి చట్టపరంగా సంరక్షకుడిగా ఉంటూనే బిడ్డ అమ్మమ్మ ఇంట్లో పెరగవచ్చు. పిటిషన్‌లో ఏది అడుగుతున్నారో స్పష్టంగా రాయకపోతే కౌంటర్‌లో (జవాబు పత్రంలో) అవతలివారు మొదట పట్టుకునేది దాన్నే.

ఏ చట్టం వర్తిస్తుంది

గార్డియన్స్ అండ్ వార్డ్స్ చట్టం అన్ని మతాలవారికీ వర్తించే విధానాన్ని ఇస్తుంది. హిందువులకు, బౌద్ధులకు, జైనులకు, సిక్కులకు దానితోపాటు 1956 నాటి హిందూ మైనారిటీ అండ్ గార్డియన్‌షిప్ చట్టం ఉంది. దాని 6వ సెక్షన్ తండ్రిని, ఆయన తరువాత తల్లిని సహజ సంరక్షకులుగా చెబుతూ, అయిదేళ్లు నిండని బిడ్డ సాధారణంగా తల్లి దగ్గరే ఉండాలంటుంది. “తరువాత” అనే మాటకు తండ్రి మరణించాక అని మాత్రమే అర్థం కాదనీ, తండ్రి పట్టించుకోని స్థితిలో కూడా తల్లే సంరక్షకురాలనీ రచయిత్రి గీతా హరిహరన్ వేసిన కేసులో సుప్రీంకోర్టు 1999లో వివరించింది. అదే చట్టంలోని 13వ సెక్షన్ బిడ్డ క్షేమమే అన్నింటికన్నా ముఖ్యమంటుంది. బంధువులు గట్టిగా పట్టుకోవలసిన సెక్షన్ అది.

పాతబస్తీ ముస్లిం కుటుంబాల్లో హిజానత్ (చిన్నబిడ్డను దగ్గర ఉంచుకుని సాకే హక్కు) ప్రస్తావన తప్పకుండా వస్తుంది. హనఫీ సంప్రదాయంలో కొడుకు ఏడేళ్లు నిండేవరకు, కూతురు యుక్తవయసు వచ్చేవరకు తల్లి దగ్గర ఉంటారు; తల్లి లేకపోతే ఆ వరుసలో ముందుగా వచ్చేది అమ్మమ్మ, ఆపై నాయనమ్మ. బిడ్డ ఆస్తి విషయానికి వస్తే తండ్రి, ఆయన వీలునామాలో నియమించినవారు, తాత అనే క్రమం నడుస్తుంది. అయితే ఈ వరుసను కోర్టు లెక్కలోకి తీసుకుంటుందే కాని కళ్లు మూసుకుని అమలు చేయదు. 2010లో సుప్రీంకోర్టు ముందుకు వచ్చిన ఒక కేసులో ముస్లిం తండ్రి బతికి ఉండగానే పిల్లల మధ్యంతర కస్టడీ తల్లి తరఫు బంధువుల దగ్గరే ఉండనిచ్చారు.

ఏ కోర్టుకు వెళ్లాలి

గార్డియన్స్ అండ్ వార్డ్స్ చట్టంలోని (ఇకపై చట్టం పేరు లేకుండా చెప్పే సెక్షన్లన్నీ దీనివే) 9వ సెక్షన్ ప్రకారం బిడ్డ సాధారణంగా ఎక్కడ నివసిస్తుందో అక్కడి కోర్టుకే అధికారం ఉంటుంది. మీరు ఎక్కడుంటారన్నది లెక్కలోకి రాదు. మన ఉదాహరణలో పాప రెండేళ్లుగా మలక్‌పేటలో చదువుతోంది కాబట్టి హనుమకొండలోని చిన్నాన్న అక్కడి కోర్టులో పిటిషన్ వేస్తే అది నిలవడం కష్టం. నగరంలో ఉన్నవారు హైదరాబాద్ ఫ్యామిలీ కోర్టుకు వెళ్లాలి. నగరం అని మనం పిలుచుకునే ప్రాంతంలో చాలా భాగం రంగారెడ్డి, మేడ్చల్–మల్కాజ్‌గిరి జిల్లాల కోర్టుల పరిధిలోకి వస్తుంది కాబట్టి బిడ్డ ఉండే ఇల్లు ఏ జిల్లాలో ఉందో ముందే నిర్ధారించుకోవాలి. బిడ్డ వ్యక్తిగత సంరక్షణ, కస్టడీ, కలుసుకునే హక్కు ఫ్యామిలీ కోర్టువి. బిడ్డ పేరిట ఆస్తి ఉండి దానికి గార్డియన్ కావాలంటే సిటీ సివిల్ కోర్టులోనో జిల్లా కోర్టులోనో వేరే పిటిషన్ వేయాలి.

బిడ్డను హడావిడిగా ఒక ఊరి నుంచి మరో ఊరికి తీసుకొచ్చి, వారం రోజుల్లో అక్కడి బడిలో చేర్చి, “ఇప్పుడు ఇక్కడే ఉంటోంది” అనే ఎత్తుగడ మనవాళ్లలో కొందరు వేస్తారు. అది పారదు. అమెరికాలో స్థిరపడిన ఒక తెలుగు దంపతుల తగాదాలో తల్లి పిల్లలను హైదరాబాద్ తీసుకొచ్చి ఇక్కడి ఫ్యామిలీ కోర్టులో కస్టడీ కోరగా, పిల్లలు సాధారణంగా నివసించేది అమెరికాలోనే కాబట్టి ఇక్కడి కోర్టుకు అధికారం లేదని 2019లో సుప్రీంకోర్టు తేల్చింది. అమెరికాలో పుట్టిన మనవలను ఇక్కడ అట్టిపెట్టుకునే ఆలోచనలో ఉన్న తాతలు, అమ్మమ్మలు ఈ తీర్పు సంగతి వకీలుతో ముందే మాట్లాడాలి. పిల్లల అపహరణకు సంబంధించిన హేగ్ ఒప్పందంలో భారత్ లేదు కదా అన్న ధైర్యం ఇక్కడ పెద్దగా అక్కరకు రాదు.

పోలీస్ స్టేషన్, పంచాయితీ, స్టాంపు కాగితం

బిడ్డకు దెబ్బలు, ఆకలి, వేధింపు వంటి తక్షణ ప్రమాదం ఉంటే 1098కి ఫోన్ చేయాలి, పోలీసుల దగ్గరికీ వెళ్లాలి. అది లేనప్పుడు స్టేషన్‌లో కూర్చుని కస్టడీ తేల్చమని అడగడం వృథా, ఆ అధికారం పోలీసులకు లేదు. పెద్దమనుషుల సమక్షంలో వంద రూపాయల స్టాంపు కాగితం మీద “ఈ బిడ్డను మీకే అప్పగిస్తున్నాము, మళ్లీ అడగము” అని రాసి నోటరీ చేయించుకోవడం మన దగ్గర చాలా పాత అలవాటు. ఆ కాగితం దత్తత కాదు, గార్డియన్‌షిప్ కూడా కాదు. హిందూ దత్తతకు వేరే నిబంధనలున్నాయి. తల్లిదండ్రులిద్దరూ లేని బిడ్డను సంరక్షకులు దత్తత ఇవ్వాలన్నా కోర్టు అనుమతి కావాలి. అయినా ఆ కాగితాన్ని చింపేయకండి. బిడ్డ ఏ తేదీన, ఏ కారణంతో, ఎవరి ఇష్టంతో మీ ఇంటికి వచ్చిందో చెప్పే సాక్ష్యంగా అది పనికొస్తుంది.

హెబియస్ కార్పస్ వేయాలా, ఓపీ వేయాలా

అసలు దారి తప్పేది ఇక్కడే. ఫ్యామిలీ కోర్టులో ఓపీ (ఒరిజినల్ పిటిషన్) వేస్తే నెలలు, ఏళ్లు పడుతుందని, హైకోర్టులో హెబియస్ కార్పస్ రిట్ (అక్రమంగా ఉంచుకున్న మనిషిని కోర్టు ముందుకు తెప్పించే పిటిషన్) వేస్తే వారంలో బిడ్డ చేతికి వస్తుందని ఎవరో ఒకరు సలహా ఇస్తారు. సుప్రీంకోర్టు తీర్పులను పక్కపక్కన పెట్టి చదివితే ఆ సలహా ఎప్పుడు సరైనదో, ఎప్పుడు కాదో అర్థమవుతుంది.

2019లో తేలిన ఒక కేసులో తల్లి క్యాన్సర్‌తో చనిపోయింది. తల్లీ తండ్రీ ఇద్దరూ జబ్బుపడిన కాలంలో పసిబిడ్డను సాకిన తల్లి తోబుట్టువులు ఆ తరువాత తండ్రికి ఇవ్వబోమన్నారు. సహజ సంరక్షకుడైన తండ్రి నుంచి బిడ్డను దూరంగా ఉంచడానికి వారికి చట్టపరమైన అధికారం లేదు కాబట్టి రిట్ చెల్లుతుందని, బిడ్డ తండ్రి దగ్గరికే వెళ్లాలని సుప్రీంకోర్టు చెప్పింది. 2024 ఆగస్టులో మరో కేసు. భార్య కోవిడ్‌తో చనిపోయాక పసికందును మరదలి ఇంట్లో ఉంచిన తండ్రి బిడ్డను వెనక్కి అడిగాడు. గత్యంతరం లేక కొంతకాలం బంధువులకు అప్పగించినంత మాత్రాన తండ్రికి బిడ్డను నిరాకరించడం కుదరదని కోర్టు అతని పక్షాన తీర్పిచ్చింది. మీరు బిడ్డ తండ్రో తల్లో అయి, అవసరానికి బంధువుల దగ్గర ఉంచిన బిడ్డను వారు వదలకపోతే ఈ రెండు తీర్పులూ మీకు బలం.

అదే 2024లో సెప్టెంబరులో వచ్చిన తీర్పు మరోవైపు చూపిస్తుంది. తల్లి అసహజ పరిస్థితుల్లో మరణించినప్పుడు బిడ్డకు ఏడాది కూడా నిండలేదు. పెద్దమ్మల దగ్గర పెరుగుతున్న ఆ బిడ్డను తండ్రికి, తాతలకు అప్పగించమని హైకోర్టు రిట్‌లో ఆదేశించగా సుప్రీంకోర్టు దాన్ని రద్దు చేసింది. బిడ్డను ఒక చోటి నుంచి ఎత్తి మరో చోట పెట్టే చరాస్తిలా చూడకూడదని, అంతకాలం తండ్రిని చూడకుండా పెరిగిన పసిబిడ్డను ఒక్కసారిగా మార్చితే కలిగే బాధను లెక్కించాలని చెప్పింది. పెద్దమ్మలను గార్డియన్స్ చట్టం కింద పిటిషన్ వేసుకోమని, ఈలోగా తండ్రి వైపు వారికి పక్షానికోసారి బిడ్డను కలిసే ఏర్పాటు చేయమని ఆదేశించింది.

ఈ మూడింటినీ కలిపి చూస్తే నాకు అర్థమైనది ఇది. అడిగేవారు బిడ్డ తల్లో తండ్రో అయి, వారి మీద తీవ్రమైన సందేహం ఏదీ లేక, బిడ్డ దూరమైన కాలం తక్కువైతే రిట్ దారి తెరుచుకుంటుంది. బిడ్డ ఏ ఇంట్లో ఎలా పెరుగుతోందన్న విషయం మీద సాక్ష్యం విని తేల్చవలసినంత చిక్కు ఉంటే, లేదా ఇరువైపులా ఉన్నది తాతలు, పిన్నులు, మేనమామలే అయితే, చివరకు ఫ్యామిలీ కోర్టులోనే నడవాలి. మన నాయనమ్మ, చిన్నాన్నలు తండ్రి సంతకం లేకుండా రిట్ వేస్తే డబ్బు, కాలం పోవడం తప్ప ఫలితం కనిపించదు.

పిటిషన్‌లో ఏముండాలి

ఓపీలో ఏం రాయాలో 10వ సెక్షనే చెబుతుంది: బిడ్డ పేరు, పుట్టిన తేదీ, మతం, ఉండే చోటు, ఆస్తి ఉంటే దాని వివరం, అంచనా విలువ, ఇప్పుడు ఎవరి దగ్గర ఉంది, దగ్గరి బంధువులెవరు, ఎక్కడుంటారు, ఇదివరకు ఏ కోర్టులోనైనా ఇలాంటి పిటిషన్ వేశారా, గార్డియన్‌గా ప్రతిపాదిస్తున్నవారి అర్హతలేమిటి, ఇప్పుడు కోర్టుకు ఎందుకు రావలసి వచ్చింది. గార్డియన్‌గా ఉండడానికి ఇష్టపడుతున్నట్టు ఆ వ్యక్తి సంతకంతో, కనీసం ఇద్దరు సాక్షుల సంతకాలతో ఒక ప్రకటన జతచేయాలి. చాలా పిటిషన్లు వెనక్కి రావడానికి ఈ చిన్న కాగితం మరిచిపోవడం ఒక కారణం.

బంధువుల జాబితాలో అవతలి వైపువారిని దాచకండి. తల్లిదండ్రులకు, ఇప్పుడు బిడ్డను చూసుకుంటున్నవారికి కోర్టు నోటీసు పంపుతుంది. తండ్రి దుబాయ్‌లో ఉన్న సంగతి, అక్కడి చిరునామా తెలిసి కూడా రాయకపోతే ఆ ఒక్క దాపరికం మీ మిగతా మాటలన్నింటి మీదా నీడ వేస్తుంది. 

ఫ్యామిలీ కోర్టులో వకీలును పెట్టుకోవడం హక్కుగా రాదు, అనుమతి కోరాలి. డబ్బు లేదని వెనకాడేవారు జిల్లా లీగల్ సర్వీసెస్ అథారిటీని అడగవచ్చు, 15100కి ఫోన్ చేయవచ్చు. ఆదాయంతో పని లేకుండా స్త్రీలకు, పిల్లలకు ఉచిత న్యాయసహాయం 1987 నాటి చట్టమే ఇచ్చింది కాబట్టి పిటిషన్ వేసే అమ్మమ్మకు కూడా ఆ అవకాశం ఉంది.

తీర్పుకు ముందు నెలలు

ఓపీతోపాటే ఐఏ (మధ్యంతర దరఖాస్తు) వేసి మధ్యంతర కస్టడీ గాని, బిడ్డను కలిసే అవకాశం గాని అడగాలి. 12వ సెక్షన్ కింద బిడ్డను తీసుకురమ్మని ఆదేశించే అధికారం, తాత్కాలిక ఏర్పాటు చేసే అధికారం కోర్టుకు ఉన్నాయి. ఫ్యామిలీ కోర్టు ముందుగా రాజీకి ప్రయత్నించాలన్నది చట్టం పెట్టిన బాధ్యత కాబట్టి కౌన్సెలర్ దగ్గరికి పంపుతారు. ఆ గదిలో మాట్లాడేది లాంఛనమని అనుకోకండి. వేసవి సెలవులు, దసరా, సంక్రాంతి ఎవరి దగ్గర గడపాలన్న చిన్న చిన్న ఒప్పందాలు అక్కడే కుదురుతాయి, అవి తరువాత ఉత్తర్వులోకి ఎక్కుతాయి.

బిడ్డ మీ దగ్గర ఉంటే, అవతలివారు కలవడానికి వచ్చినప్పుడు మీరు నడుచుకునే తీరు మీ కేసులో సగం. విజిటేషన్ (బిడ్డను కలిసే) రోజున బిడ్డకు జ్వరమని చెప్పడం, అరగంట ఆలస్యంగా తీసుకురావడం, బిడ్డ నాయనమ్మతో నవ్వుతుంటే ముఖం ముడుచుకోవడం అన్నీ ఎవరో ఒకరు గమనిస్తారు. బిడ్డకు దూరంగా ఉన్నవారితో ఫోన్, వీడియో కాల్ ద్వారానైనా సంబంధం తెగకుండా చూడాలని సుప్రీంకోర్టు 2020లో చెప్పింది. మన ఉదాహరణలో అమ్మమ్మ ప్రతి ఆదివారం, దుబాయ్‌లో సెలవు దొరికే వేళకు, పాపతో తండ్రికి వీడియో కాల్ చేయిస్తే, ఆ కాల్స్ చిట్టా ఏ వకీలు వాదనకన్నా ఎక్కువ మాట్లాడుతుంది. అవతలి వైపును తుడిచివేయాలనుకునే ఇంటికన్నా, రెండు వైపులనూ బిడ్డకు మిగిల్చే ఇంటినే న్యాయమూర్తులు నమ్ముతారు.

సాక్ష్యం: బిడ్డ రోజును రాసి చూపించండి

కోర్టు ఏమేం చూడాలో 17వ సెక్షన్ చెబుతుంది: బిడ్డ వయసు, ఆడా మగా, మతం, గార్డియన్ కాదలచినవారి నడవడి, సామర్థ్యం, బంధుత్వపు దగ్గరితనం, చనిపోయిన తల్లిదండ్రుల కోరిక ఏదైనా ఉంటే అది, బిడ్డతో, బిడ్డ ఆస్తితో ఇదివరకున్న సంబంధం. అన్నీ బిడ్డ క్షేమమనే ఒక్క కొలతలోకి ఒదుగుతాయి. పిల్లలు తల్లిదండ్రులకు సొత్తు కారు, ఆటబొమ్మలూ కారు అని 1973లోనే సుప్రీంకోర్టు అన్నది. తల్లిదండ్రుల విషయంలోనే ఆ మాట అన్నప్పుడు మనలాంటి బంధువుల సంగతి చెప్పనక్కరలేదు.

అందువల్ల మీ వకీలు దగ్గరికి వెళ్లేముందు ఒక తెల్లకాగితం మీద పాప ఒక మామూలు మంగళవారం ఎలా గడుపుతుందో రాయండి. పొద్దున ఎవరు లేపుతారు, జడ ఎవరు వేస్తారు, టిఫిన్ డబ్బా ఎవరు కడతారు, స్కూల్ ఆటో దగ్గర ఎవరు దింపుతారు, సాయంత్రం హోంవర్క్ ఎవరు చేయిస్తారు, రాత్రి ఎవరి పక్కన పడుకుంటుంది, ఒంట్లో బాగాలేకపోతే ఏ డాక్టరు దగ్గరికి తీసుకెళ్తారు. ఈ కాగితంలోని ప్రతి వాక్యానికీ ఒక ఆధారం వెతకండి. పేరెంట్ మీటింగ్‌లో మీ సంతకం, ఫీజు రసీదులు, బోనఫైడ్ సర్టిఫికెట్, టీకాల కార్డు, ఆసుపత్రి చీటీలు, క్లాస్ టీచర్ సాక్ష్యం, పక్కింటివారి సాక్ష్యం. జనన, మరణ ధ్రువపత్రాలు, తహసీల్దార్ ఇచ్చే కుటుంబ సభ్యుల ధ్రువపత్రం వీటికి ముందు ఉండాలి. ఈ కాగితం రాయలేకపోయినవారు, అంటే ఆ ప్రశ్నలకు జవాబు తెలియనివారు, కేసు వేయడానికి ముందే ఆలోచించుకోవడం మంచిది.

వాట్సాప్ సందేశాలు చూపించదలిస్తే 2023 నాటి భారతీయ సాక్ష్య అధినియమంలోని 63వ సెక్షన్ కోరే ధ్రువీకరణ పత్రం జతచేయించండి. ఫ్యామిలీ కోర్టుకు సాక్ష్యం విషయంలో వెసులుబాటు ఉన్నమాట నిజమే, అయినా ఆ పత్రం ఉంటే అభ్యంతరానికి తావుండదు.

డబ్బు సంగతి. ఎక్కువ సంపాదించేవారికే బిడ్డను ఇస్తారన్న భయం అమ్మమ్మలకు, నాయనమ్మలకు సహజం. కోవిడ్‌లో తల్లిదండ్రులిద్దరినీ పోగొట్టుకున్న ఒక బాలుడి కేసులో గుజరాత్ హైకోర్టు, వయసులో చిన్నది, ప్రభుత్వోద్యోగి, పెద్ద కుటుంబం కలది అని పిన్నికి కస్టడీ ఇచ్చింది. 2022 జూన్‌లో సుప్రీంకోర్టు దాన్ని మార్చి నాయనమ్మ, తాతలకు ఇచ్చింది. ఆదాయం, వయసు, కుటుంబం పెద్దదా చిన్నదా అన్నవి మాత్రమే తాతలను పక్కన పెట్టడానికి కారణాలు కాజాలవని చెప్పింది. అంతమాత్రాన వయసు ప్రశ్న లేకుండా పోదు. డెబ్బై ఏళ్ల అమ్మమ్మ పిటిషన్ వేసేటప్పుడు, తనకు చేతకాని రోజున పాపను ఎవరు చూస్తారో ముందే చెప్పాలి. అందుకే మన ఉదాహరణలో మేనమామ, ఆయన భార్య కూడా సాక్షులుగా రావాలి. మేనమామ భార్య బోనులో నిలబడి “పాపను నేనూ చూసుకుంటాను” అనడం ఆ ఇంటికి పెద్ద బలం.

బతికి ఉన్న తండ్రి మీద బంధువులు గెలిచిన కేసులూ ఉన్నాయి. కట్నపు మరణం కేసులో నిందితుడైన తండ్రికి కింది కోర్టులు కొడుకును ఇవ్వగా, అతని నడవడిని, బిడ్డ ఇష్టాన్ని సరిగా చూడలేదని 2008లో సుప్రీంకోర్టు అమ్మమ్మ, తాతల దగ్గరే ఉంచింది. కాన్పు తరువాత తల్లి చనిపోగా పుట్టుక నుంచి అమ్మమ్మే పెంచిన పాపను 2009లో అమ్మమ్మకే అప్పగించింది, తండ్రికి కలిసే అవకాశం ఇచ్చింది. గమనించండి, రెండింటిలోనూ బంధువులు చూపించింది తండ్రి చెడ్డవాడన్న మాట మాత్రమే కాదు, బిడ్డ తమ దగ్గర స్థిరపడిందన్న వాస్తవం కూడా. రెండో పెళ్లి చేసుకున్నాడన్న ఒక్క కారణంతో తండ్రి అనర్హుడు కాడు. ఆధారం లేని ఆరోపణ, ముఖ్యంగా తాగుబోతు, తిరుగుబోతు అనే రకం, క్రాస్ ఎగ్జామినేషన్‌లో (అవతలి వకీలు ప్రశ్నించేటప్పుడు) తేలిపోతే మీ మంచి సాక్ష్యాన్ని కూడా ముంచుతుంది.

బిడ్డ మాట

బిడ్డ తెలివిగా ఇష్టం చెప్పగల వయసుకు వస్తే కోర్టు ఆ ఇష్టాన్ని పరిగణించవచ్చు. చట్టం వయసు నిర్ణయించలేదు. న్యాయమూర్తి ఛాంబర్‌లో, వకీళ్లు, బంధువులు లేకుండా మాట్లాడుతారు. నీకు ఎవరు కావాలన్న ప్రశ్న నేరుగా రాకపోవచ్చు. బడిలో స్నేహితులెవరు, ఆదివారం ఏం చేస్తావు, భయం వేస్తే ఎవరిని పిలుస్తావు అని మాట కలుపుతారు.

బిడ్డకు ముందురోజు రాత్రి పాఠం చెప్పి పంపవద్దు. ఆరేళ్ల పాప “మా నాన్న బాధ్యతారహితుడు” అంటే ఆ మాట ఎవరు నేర్పారో కనుక్కోవడానికి న్యాయమూర్తికి ఎక్కువ సేపు పట్టదు. మీరు చేయవలసినదల్లా కడుపునిండా తినిపించి, ఇష్టమైన బొమ్మో పుస్తకమో చేతికిచ్చి, “అక్కడ ఒక పెద్దమనిషి మాట్లాడతారు, నీకు తోచింది చెప్పు, ఎవరూ కోప్పడరు” అని చెప్పడమే. కోర్టు వరండాలో బిడ్డ ఎదుట అవతలివారితో గొడవపడడం ఎంత నష్టమో వేరే చెప్పనక్కరలేదు.

ఆస్తి ఉన్నప్పుడు

తల్లిదండ్రులు ప్రమాదంలో చనిపోయి పరిహారం వచ్చినప్పుడు, ఎల్ఐసీ పాలసీ, ప్లాటు బిడ్డ పేరిట ఉన్నప్పుడు, అంతవరకు పత్తాలేని బంధువులకు హఠాత్తుగా ప్రేమ పొంగుకొస్తుంది. న్యాయమూర్తులకు ఇది తెలుసు. డబ్బు జమ అయిన నెలలోనే పిటిషన్ వేసినవారు ఆ రెండు తేదీలు పక్కపక్కన ఎందుకున్నాయో వివరణ సిద్ధం చేసుకోవాలి. మీ ఉద్దేశం శుద్ధమైతే ఆ సొమ్ము బిడ్డ మేజరయ్యేవరకు బ్యాంకులో ఫిక్స్‌డ్ డిపాజిట్‌గా ఉంచమని మీరే కోరండి. కోర్టు నియమించిన గార్డియన్ అయినా, హిందూ చట్టం కింద సహజ సంరక్షకులైనా బిడ్డ స్థిరాస్తిని కోర్టు అనుమతి లేకుండా అమ్మడానికి, తాకట్టు పెట్టడానికి వీల్లేదు.

ఉత్తర్వు వచ్చాక

ఫ్యామిలీ కోర్టు తీర్పు మీద 30 రోజుల్లో హైకోర్టుకు అప్పీలు చేసుకోవచ్చు. ఓడినవారు అప్పీలుకన్నా ముందు చూడవలసినది విజిటేషన్ షరతులు సరిగా ఉన్నాయా అన్నది; చాలాసార్లు “నెలకు రెండుసార్లు” అని మాత్రమే రాసి సమయం, చోటు, ఎవరు తీసుకురావాలన్నది లేకపోవడం వల్ల మళ్లీ గొడవ మొదలవుతుంది. కస్టడీ ఉత్తర్వు శాశ్వతం కాదు. బిడ్డ పెరిగి, పరిస్థితులు మారితే మార్పు కోరుతూ మళ్లీ కోర్టుకు రావచ్చు.

ఉత్తర్వు ధ్రువీకృత నకలును బిడ్డ చదివే బడిలో ఇచ్చి, ఎవరు తీసుకెళ్లవచ్చో రాతపూర్వకంగా తెలపండి. కోర్టు నియమించిన గార్డియన్ బిడ్డను ఆ కోర్టు పరిధి దాటించాలంటే 26వ సెక్షన్ ప్రకారం ముందుగా అనుమతి తీసుకోవాలి. మన ఉదాహరణలో అమ్మమ్మ గార్డియన్‌గా నియమితురాలై, వేసవిలో పాపను తండ్రి దగ్గరికి దుబాయ్ పంపదలిస్తే, టికెట్ కొనకముందే, పోయే తేదీ, తిరిగి వచ్చే తేదీ, అక్కడి చిరునామా రాసి ఒక ఐఏ వేయాలి.